తారిణి లాంటి చిన్న పడవలో ఎనిమిది నెలలు: లోపల బతుకు ఎలా ఉంటుంది?

పద్మజ_విశాఖ · 2025 జూన్ 8, ఆదివారం రాత్రి

అందరికీ నమస్కారం. మా అమ్మాయి ఈ ఏడాది తొమ్మిదిలోకి వస్తోంది. పోయినేడు బడిలో ఎన్‌సీసీ నేవల్ వింగ్‌లో చేరింది. అప్పటి నుంచి ఇంట్లో ఒకటే జపం, తారిణి. 2017 సెప్టెంబరు 10న గోవా నుంచి తెరచాప పడవలో బయల్దేరి, భూమి చుట్టి, 2018 మే 21న తిరిగొచ్చిన ఆరుగురు నేవీ అమ్మాయిల కథ. వాళ్ళలో స్వాతి గారిది మా విశాఖే, ఐశ్వర్య బొడ్డపాటి గారిది హైదరాబాద్ అని తెలిశాక దానికి పట్టపగ్గాల్లేవు. మొన్న మే 29న రూప, దిల్నా అనే ఇద్దరు ఆఫీసర్లు అదే తారిణిలో రెండోసారి చుట్టి వచ్చారు కదా, ఆ రోజు అన్నం కూడా టీవీ ముందే తింది.

నేను సముద్రం పక్కనే పుట్టి పెరిగాను గానీ దాని మీదికి ఒక్కసారి కూడా వెళ్ళలేదు. హుద్‌హుద్ తుఫాను రోజు మా కిటికీ అద్దాలు పగిలి, చంటిపిల్లను గుండెకు హత్తుకుని బాత్రూములో కూర్చున్న గంటలు నాకింకా కళ్ళముందే ఉన్నాయి. అలాంటి గాలి నడిసముద్రంలో వస్తే ఒక చిన్న పడవ ఏం చేస్తుంది? రాత్రి అందరూ పడుకుంటే నడిపేదెవరు? గాలి ఎదురుగా వస్తే ముందుకెలా వెళ్తారు? పిల్ల అడిగేవాటిలో సగానికి నా దగ్గర జవాబు లేదు. తెలిసినవాళ్ళు కాస్త ఓపిగ్గా చెప్పండి. భయం తీరాలో, పెరగాలో, ముందు సంగతి తెలియాలి కదా.

---

చీఫ్‌మేట్_శ్రీను · జూన్ 8, ఆదివారం రాత్రి

పద్మజ గారూ, నేను సరుకు ఓడల మీద పదహారేళ్ళుగా పనిచేస్తున్నాను. మావి ఇంజన్ ఓడలు. అయినా సముద్రం అందరికీ ఒకటే కాబట్టి తెలిసినంత చెబుతాను.

రాత్రి అందరూ ఒకేసారి పడుకోరు. దీన్ని వాచ్ అంటాం. మాకైతే నాలుగు గంటల డ్యూటీ, ఎనిమిది గంటల విశ్రాంతి, ఇరవై నాలుగు గంటలూ అదే చక్రం. తారిణిలో ఆరుగురు కాబట్టి వంతులు వేసుకోవచ్చు. ఇద్దరే ఉంటే ఒకరు మేలుకుంటే ఒకరికి నిద్ర, అంటే ఎనిమిది నెలలూ ఇద్దరూ కలిసి కంటినిండా నిద్రపోవడం రేవుల్లో ఆగినప్పుడే. ఒంటరిగా వెళ్ళేవాళ్ళది ఇంకా కష్టం, నిద్రను ముక్కలు ముక్కలుగా కోసుకుని పడుకుంటారు.

ఇక దారి. మొదటిసారి తారిణి గోవా నుంచి ఆస్ట్రేలియాలో ఫ్రీమాంటిల్, న్యూజిలాండ్‌లో లిటిల్‌టన్, ఫాక్‌లాండ్ దీవుల్లో పోర్ట్ స్టాన్లీ, దక్షిణాఫ్రికాలో కేప్‌టౌన్ మీదుగా తిరిగొచ్చింది. మధ్యలో మారిషస్‌లో ఆగడం అనుకున్నది కాదు, చుక్కాని తిప్పే భాగం చెడిపోయి ఆగాల్సి వచ్చింది. మొత్తం 254 రోజులు, అందులో 199 రోజులు నీళ్ళ మీదే. లిటిల్‌టన్ నుంచి పోర్ట్ స్టాన్లీ దాకా పసిఫిక్ దాటడానికే 41 రోజులు పట్టింది. అక్కడే 60 నాట్లు దాటిన గాలి, ఏడు మీటర్ల అలలు చూశారు. 60 నాట్లంటే గంటకు 110 కిలోమీటర్ల పైన. ఏడు మీటర్లంటే మీరు రెండో అంతస్తు బాల్కనీలో నిలబడితే మీ పాదాల దగ్గరికి నీళ్ళు వచ్చినట్టు.

అమ్మాయికి ఒక లెక్క చెప్పండి, నచ్చుతుంది. భూగోళం చుట్టూ 360 డిగ్రీలు. ఒక్కో డిగ్రీకి 60 నిమిషాలు. భూమధ్యరేఖ మీద ఒక నిమిషం అంటే ఒక నాటికల్ మైలు. గుణిస్తే 21,600. అందుకే తెరచాప మీద భూమి చుట్టినట్టు లెక్కలోకి రావాలంటే కనీసం 21,600 నాటికల్ మైళ్ళు నడవాలి, అన్ని రేఖాంశాలూ దాటాలి, భూమధ్యరేఖను దాటాలి, బయల్దేరిన రేవుకే తిరిగి రావాలి, సూయజ్, పనామా లాంటి కాలవల్లోంచి అడ్డదారిన వెళ్ళకూడదు.

---

సాగర్_గట్టు · జూన్ 9, సోమవారం ఉదయం

ఎదురుగాలి ప్రశ్నకు నేను చెబుతాను. మా అబ్బాయిని హుస్సేన్ సాగర్‌లో సెయిలింగ్ నేర్పించడానికి నాలుగేళ్ళుగా తీసుకెళ్తున్నాను. గట్టు మీద ఊరికే కూర్చోలేక నేనూ నేర్చుకున్నాను.

సూటిగా గాలికి ఎదురు ఏ తెరచాప పడవా వెళ్ళలేదు. కానీ గాలికి ఏటవాలుగా, ఇంచుమించు 45 డిగ్రీల కోణంలో వెళ్ళగలదు. కాసేపు కుడి ఏటవాలు, కాసేపు ఎడమ ఏటవాలు, అలా మెలికలు తిరుగుతూ గాలి వచ్చే వైపుకే చేరుతుంది. ఘాట్ రోడ్డు మీద బస్సు కొండెక్కినట్టు అనుకోండి.

ఎందుకు వెళ్తుందంటే, బిగించిన తెరచాప విమానం రెక్కలా వంపు తిరిగి ఉంటుంది. గాలి దాన్ని ముందుకూ లాగుతుంది, పక్కకూ నెడుతుంది. పక్కకు కొట్టుకుపోకుండా పడవ అడుగున ఒక పలక నీళ్ళలోకి దిగి ఉంటుంది. పెద్ద పడవల్లో దాన్ని కీల్ అంటారు, బోలెడు బరువుంటుంది, పడవ ఒరిగినా మళ్ళీ నిలబెట్టేది అదే. పక్కకు పోనివ్వని పలక, పక్కకు నెట్టే గాలి, రెండింటి మధ్య నలిగి పడవ ముందుకు జారుతుంది. తడి చింతగింజను రెండు వేళ్ళ మధ్య నొక్కితే ఎటు దూకుతుంది? అదే సంగతి.

గాలిని చేత్తో పట్టుకున్నట్టు తెలిసేది తాడు దగ్గర. తెరచాపను బిగించే తాడు మన పిడికిట్లో ఉంటుంది. గాలి పెరిగితే అరచెయ్యి కోసుకుపోతున్నట్టు లాగుతుంది, తగ్గితే చేతిలో ప్రాణం పోయినట్టు వదులవుతుంది. మొదటి నెల మా వాడు నీళ్ళకేసి చూసి నడిపేవాడు. ఇప్పుడు బుగ్గకు గాలి తగిలే తీరును బట్టి నడుపుతాడు.

మా ఊళ్ళో సముద్రం లేకపోయినా ఏటా జరిగే హైదరాబాద్ సెయిలింగ్ వీక్‌కు దేశం నలుమూలల నుంచి వస్తారు. విశాఖలో ఉండి వెనకాడకండి మేడమ్.

---

ఫ్రీమాంటిల్_కిరణ్ · జూన్ 9, సోమవారం సాయంత్రం

మాది భీమవరం, పన్నెండేళ్ళుగా పెర్త్‌లో ఉంటున్నాం. 2017 అక్టోబరులో తారిణి ఫ్రీమాంటిల్ వచ్చినప్పుడు రేవు గట్టు మీద నిలబడి చూశాను. కాగితం మీద 56 అడుగులంటే పెద్దదే అనిపిస్తుంది. పక్కన ఒక సరుకు ఓడ ఉంటే అప్పుడు తెలుస్తుంది ఎంత చిన్నదో. మన ఊళ్ళో కాలవ మీద వెళ్ళే పెద్ద పడవంత. ఇందులోనా హిందూ మహాసముద్రం దాటి వచ్చారు అని చాలాసేపు అక్కడే ఉండిపోయాను. ఆ తర్వాతే ఇక్కడి క్లబ్బులో చేరాను.

పెర్త్‌లో ఎండాకాలం మధ్యాహ్నం సముద్రం మీద నుంచి చల్లగాలి మొదలవుతుంది. ఇక్కడివాళ్ళు దాన్ని 'ఫ్రీమాంటిల్ డాక్టర్' అంటారు, ఉక్కపోతకు మందులా వస్తుందని. ఆ గాలి పట్టుకుని బుధవారం సాయంత్రాలు పడవలు తీస్తాం. మా పడవ యజమానికి డెబ్బై దాటాయి. మొదటి ఆరు వారాలు నాకు చుక్కాని ముట్టుకోనివ్వలేదు. చిరిగిన తెరచాప కుట్టడం, తాళ్ళు చుట్టడం, కప్పీలకు పట్టిన ఉప్పు కడగడం, అంతే.

తెరచాప కుట్టడం గురించి చెప్పాలి. గుడ్డ అట్టలా మందంగా ఉంటుంది. అరచేతికి ఒక తోలు పట్టీ తొడుక్కోవాలి. అందులో బొటనవేలి కింద లోహపు బిళ్ళ ఉంటుంది, సూది వెనుక దాన్ని ఆనించి ఒళ్ళంతా బరువు పెట్టి గుచ్చాలి. మైనం రాసిన దారం. ఒక జానెడు చిరుగుకు నాకు గంటంబావు పట్టింది, వేళ్ళ కొసలు రెండ్రోజులు మండాయి. అదీ ఒడ్డున, కదలని బల్ల మీద. ఇదే పని పసిఫిక్ మధ్యలో, ఎగిరిపడే పడవలో, చలికి మొద్దుబారిన వేళ్ళతో చేయాలి. అందుకే పద్మజ గారూ, లోపల బతుకు ఎలా ఉంటుందని అడిగితే నా జవాబు ఒకటే: తుఫాను కొన్ని రోజులే, మిగతా రోజులన్నీ మరమ్మతే. తాడు ఒరుసుకుంటుంది, బోల్టు వదులవుతుంది, తలుపు సందులోంచి నీరు కారుతుంది. చిన్న లోపాన్ని పొద్దున్నే పట్టుకున్నవాళ్ళు ఇల్లు చేరతారు.

---

రాఘవ_ఖమ్మం · జూన్ 9, సోమవారం రాత్రి

అందరూ బాగా చెబుతున్నారు, చదువుతుంటే ఉత్సాహంగానే ఉంది. కానీ నా మనసులో మాట కూడా చెప్పనివ్వండి. విమానాలు, ఉపగ్రహాలు ఉన్న కాలంలో కావాలని గాలిని నమ్ముకుని మంచుసముద్రం అంచుకు వెళ్ళడం అవసరమా? వెళ్ళినవాళ్ళు ఇరుక్కుంటే కాపాడటానికి ఇంకో పదిమంది ప్రాణాలు పణంగా పెట్టాలి. 2018లో ఒంటరి పందెంలో ఇరుక్కున్న మన నేవీ ఆఫీసరు అభిలాష్ టామీ గారి కోసం మూడు దేశాల ఓడలు, విమానాలు కదిలాయి. నేను ఒక తండ్రిగా అడుగుతున్నాను, తప్పుపట్టడానికి కాదు. నా కూతురు వెళ్తానంటే నేను ఏమని ఒప్పుకోవాలి?

---

చీఫ్‌మేట్_శ్రీను · జూన్ 10, మంగళవారం మధ్యాహ్నం

రాఘవ గారూ, న్యాయమైన ప్రశ్న. ఆ సంఘటన పూర్తిగా చెబుతాను.

2018 జులై 1న ఫ్రాన్స్ నుంచి గోల్డెన్ గ్లోబ్ పందెం మొదలైంది. 1968 నాటి మొదటి పందెం ఎలా జరిగిందో అలాగే వెళ్ళాలని నియమం. జీపీఎస్ చూడకూడదు. సెక్స్‌టంట్‌తో సూర్యుడి ఎత్తు కొలిచి, కాగితపు పటం మీద గీతలు గీసుకుంటూ, ఒంటరిగా, ఎక్కడా ఆగకుండా వెళ్ళాలి. అభిలాష్ గారి పడవ పేరు తురియా, గోవాలో కట్టింది. సెప్టెంబరు 21న ఆస్ట్రేలియాలోని పెర్త్‌కు సుమారు 1,900 నాటికల్ మైళ్ళ దూరంలో తుఫానులో పడవ బోర్లాపడి లేచింది. తెరచాప కొయ్య విరిగిపోయింది. ఆయన వెన్నెముక దెబ్బతిని లేవలేని స్థితి. మూడు రోజులు ఆ పడవలోనే పడి ఉన్నారు. మారిషస్ నుంచి వెళ్ళిన మన నేవీ విమానం పడవను గుర్తించింది. 24న ఒసీరిస్ అనే ఫ్రెంచి చేపల గస్తీ ఓడ వచ్చి ఆయన్ని తీసుకుని హిందూ మహాసముద్రంలోని ఆమ్‌స్టర్‌డామ్ దీవికి చేర్చింది. అక్కడి నుంచి ఐఎన్ఎస్ సాత్పురా తీసుకొచ్చింది ఎక్కడికో తెలుసా? విశాఖకే.

ఇందులో నా మనసులో నిలిచిపోయిన మనిషి ఇంకొకాయన ఉన్నారు. గ్రెగర్ మెక్‌గకిన్ అనే ఐర్లాండ్ పోటీదారు. అదే తుఫానులో ఆయన పడవ కొయ్య కూడా విరిగింది. ఉన్న కర్రలతో తాత్కాలికంగా చిన్న తెరచాప నిలబెట్టుకుని అభిలాష్ వైపు పడవ తిప్పారు. తనకే దిక్కులేదు, పక్కవాడి కోసం బయల్దేరాడు.

సముద్రంలో ఆపదలో ఉన్నవాణ్ణి కాపాడటం మాకు దయ కాదు, విధి. అంతర్జాతీయ ఒప్పందమే ఉంది. పిలుపు వినిపిస్తే దగ్గర్లో ఉన్న ఓడ దారి మళ్ళించి తీరాలి. నా సర్వీసులో ఒకసారి మేమూ మళ్ళించాం. పద్నాలుగు గంటలు వెనక్కి నడిచాం, ఇంజన్ చెడి కొట్టుకుపోతున్న చేపల బోటు. ఓడలో ఒక్కరు కూడా 'ఆలస్యం అవుతోంది' అనలేదు.

---

ఫ్రీమాంటిల్_కిరణ్ · జూన్ 10, మంగళవారం రాత్రి

దీనికి తర్వాతి భాగం కూడా ఉంది. వెన్నెముకలో టైటానియం రాడ్లు వేయించుకున్న అదే అభిలాష్ గారు 2022 సెప్టెంబరు 4న అదే పందేనికి మళ్ళీ బయల్దేరారు. 236 రోజుల తర్వాత 2023 ఏప్రిల్ 29న రెండో స్థానంలో వచ్చారు. పదహారు మంది బయల్దేరితే ఎక్కడా ఆగకుండా పూర్తి చేసింది ముగ్గురే.

మొదటి స్థానం కిర్‌స్టెన్ నోయ్‌షేఫర్ అనే దక్షిణాఫ్రికా మహిళది. దారిలో టాపియో లెహ్టినెన్ అనే ఫిన్లాండ్ ఆయన పడవ అయిదు నిమిషాల్లో మునిగిపోయింది. ఆయన రబ్బరు తెప్ప మీద ఉంటే, ఆమె రాత్రంతా పడవ నడిపి వెళ్ళి పైకి లాగి, ఒక సరుకు ఓడకు అప్పగించి, మళ్ళీ పందెంలో పడింది. అప్పుడు అభిలాష్ గారిని కూడా అటు మళ్ళమన్నారు. అంటే 2018లో ఎవరి కోసం దేశాలు కదిలాయో, 2022లో ఆయనే ఇంకొకరి కోసం కదిలారు. రాఘవ గారూ, ఈ అప్పు ఇలా తీరుతుంది.

ఇంకో సంగతి. 1968 పందెంలో తొమ్మిది మంది బయల్దేరితే పందెం పూర్తి చేసింది ఒక్కరే, రాబిన్ నాక్స్ జాన్‌స్టన్. ఆయన 32 అడుగుల పడవ సుహైలి మన బొంబాయిలో టేకుతో కట్టింది. 312 రోజులు.

---

సరంగు_మనవడు · జూన్ 11, బుధవారం రాత్రి

నేను ఇక్కడ ఎప్పుడూ చదవడమే గానీ రాయలేదు. ఇవాళ రాయకుండా ఉండలేకపోయాను. మాది తాళ్ళరేవు పక్కన పల్లె, కోరంగి వైపు. మా తాత సరంగు. పదమూడేళ్ళకే కలాసీగా ఓడెక్కాడట. కాకినాడ నుంచి రంగూన్‌కు, ఇటు మద్రాసుకు, తెరచాప ఓడల్లో సరుకు వేసుకుని తిరిగాడు. నైరుతి గాలి ఉండగా బర్మా వెళ్ళడం, ఈశాన్యగాలి పట్టుకుని ఇంటికి రావడం. నాకు ఊహ తెలిసేసరికి ఆయన ముసలివాడు, అరుగు మీద కూర్చుని వలలు అల్లేవాడు.

తాతది ఎడం చెయ్యి. రాత్రిళ్ళు నన్ను గట్టు మీదికి తీసుకెళ్ళి, ఎడం చెయ్యి బారుగా చాచి, పిడికిలి నీటి అంచు మీద ఆనినట్టు పట్టుకునేవాడు. దాని మీద ఇంకో పిడికిలి. 'అదిగో, రెండో పిడికిలి మీద నిలబడిందా ధ్రువుడు? నిలబడలేదు, కాస్త కిందికి ఉన్నాడు. అంటే కాకినాడలో ఉన్నాం' అనేవాడు. పెద్దయ్యాక తెలిసింది, చాచిన చేతి పిడికిలి సుమారు పది డిగ్రీలని, ధ్రువ నక్షత్రం ఎత్తు ఎంతుంటే మనం భూమధ్యరేఖకు అన్ని డిగ్రీలు ఉత్తరాన ఉన్నట్టని. కాకినాడ 17 డిగ్రీలు. బడి మొహం చూడని మనిషి లెక్క, ఒకటి రెండు డిగ్రీల తేడాతో సరిపోయింది.

రంగూన్ కూడా ఇంచుమించు 17 డిగ్రీలే కదా. ధ్రువుణ్ణి ఆ ఎత్తులోనే ఉంచుకుని తూర్పుకు నడిస్తే రంగూన్ వస్తుందనేవాడు తాత.

ఆయన కలాసీగా ఉన్నప్పుడు ఓడ పలకల సందుల్లో నార కూరి, గుగ్గిలం నూనెలో కాచి పూసేవారట. ఇప్పటికీ పడవలు కట్టే చోట ఆ వాసన వస్తే కాసేపు ఆగిపోతాను. ఆయన నడుముకు కట్టుకునే తాడు మా ఇంట్లో ఉంది. చివర ఆయన వేసిన ముడి అలాగే ఉంది. దాన్ని చూసి నేను చాలాసార్లు వేయబోయాను. ఎంత వేసినా నాది వేరేగా వస్తుంది, ఎందుకో తెలీదు.

రాఘవ గారూ, మా తాతకు గాలి తప్ప వేరే దారి లేదు. సరదాకు వెళ్ళలేదు. కానీ ముసలితనంలో కూడా అర్ధరాత్రి గాలి మళ్ళితే నిద్రలోంచి లేచి కూర్చునేవాడు. మామ్మ 'పడుకోవయ్యా, ఇది ఇల్లు' అనేది.

---

చీఫ్‌మేట్_శ్రీను · జూన్ 12, గురువారం ఉదయం

సరంగు మనవడు గారూ, రెండుసార్లు చదివాను. ఒక్క చిన్న సవరణ, మీ తాతగారి మీద గౌరవంతోనే. 17 డిగ్రీల మీద సూటిగా తూర్పుకు వెళ్తే ముందు తగిలేది రంగూన్ కాదు, బర్మా పడమటి ఒడ్డైన అరకాన్ తీరం. అక్కడి నుంచి దక్షిణానికి దిగి, 16 డిగ్రీల దగ్గర నెగ్రాయిస్ అగ్రం చుట్టి, మళ్ళీ తూర్పుకు తిరిగి రంగూన్ నది మొగలోకి వెళ్ళాలి. ఆ అగ్రం దగ్గర రాళ్ళు ఉంటాయి, రాత్రిపూట దగ్గరికి వెళ్ళకూడదు.

---

సరంగు_మనవడు · జూన్ 12, గురువారం రాత్రి

అమ్మో, ఇప్పుడు గుర్తొచ్చింది! 'కొండల గట్టు కనిపించాక ధ్రువుణ్ణి ఒక వేలు కిందికి దించాలి' అని ఒక మాట అనేవాడు. చిన్నప్పుడు అదేదో మంత్రం అనుకున్నాను. దక్షిణానికి దిగమని అన్నమాట! ఒక వేలి మందం ఒకటిన్నర, రెండు డిగ్రీలు ఉంటుంది కదండీ? నలభై ఏళ్ళ తర్వాత అర్థమైంది. చాలా థాంక్స్ సార్.

---

సుజాత_టీచర్_గుంటూరు · జూన్ 14, శనివారం మధ్యాహ్నం

కోరంగి పేరు వినగానే ఆగలేకపోయాను. హైస్కూల్లో సోషల్ చెబుతాను. మన పిల్లలకు కొలంబస్ తెలుసు, కోరంగి తెలీదు, నాకు అదే బాధ.

శాతవాహన రాజు యజ్ఞశ్రీ శాతకర్ణి నాణేల మీద రెండు కొయ్యల ఓడ బొమ్మ ఉంటుంది. ఒక రాజు తన డబ్బు మీద ఓడను వేయించాడంటే ఆ రాజ్యానికి సముద్రం ఎంత ముఖ్యమో ఆలోచించండి. కోరంగి చాలాకాలం ఓడలు కట్టే, బాగుచేసే రేవు. ఇక్కడి నుంచి ఎంతమంది బర్మా వెళ్ళారంటే, అక్కడ తెలుగువాళ్ళందరికీ 'కోరంగీలు' అనే పేరే స్థిరపడిపోయింది.

ఆ ఊరిని దెబ్బతీసింది సముద్రమే. 1789 డిసెంబరులో తుఫానుతో పాటు మూడు పెద్ద అలలు ఒకదాని వెంట ఒకటి వచ్చి కోరంగిని ముంచాయి. 1839 నవంబరులో ఇంకోటి. కలకత్తాలో ఉండిన హెన్రీ పిడింగ్టన్ అనే ఆయన బంగాళాఖాతం తుఫానుల్లో ఓడలు రాసుకున్న వివరాలన్నీ పోగుచేసి, గాలి చుట్టలు తిరుగుతుందని నావికులకు అర్థమయ్యేలా చెప్పాడు. కోరంగి ఉప్పెన గురించీ రాశాడు. 'సైక్లోన్' అనే మాటను 1848లో పుట్టించింది ఆయనే, గ్రీకులో పాము చుట్ట అనే అర్థం నుంచి. పద్మజ గారు హుద్‌హుద్ గురించి రాశారు కదా, ఆ రోజు టీవీలో మనం వందసార్లు విన్న సైక్లోన్ అనే మాట వెనకాల మన కోరంగి నీళ్ళు కూడా ఉన్నాయి.

కుట్టుపడవల గురించి కూడా చెప్పాలి. మేకులు లేకుండా పలకలను కొబ్బరితాడుతో కుట్టి కట్టిన మసులా పడవలు మన తీరంలో ఉండేవి. అల కొట్టినప్పుడు మేకు వేసిన పడవ బిగుసుకుని పగులుతుంది, కుట్టిన పడవ కాస్త వంగి నిలుస్తుంది. మొన్న మే 21న కార్వార్‌లో నేవీలోకి తీసుకున్న కౌండిన్య అనే తెరచాప ఓడ కూడా అలా కుట్టిందే. అజంతా గోడ మీది ఓడ బొమ్మ చూసి కేరళ పనివాళ్ళు కట్టారు. ఆ చేతిపని మన తీరంలో ఇంకా ఎవరి దగ్గరైనా మిగిలి ఉందా? తెలిసినవాళ్ళు రాస్తే మా పిల్లలను తీసుకొచ్చి చూపిస్తాను, ఖర్చు నేను పెట్టుకుంటాను.

---

రాఘవ_ఖమ్మం · జూన్ 15, ఆదివారం ఉదయం

అందరి మాటలూ శ్రద్ధగా చదివాను. కాపాడటం విధి అని శ్రీను గారు చెప్పింది ఒప్పుకుంటున్నాను. అప్పు తీర్చుకోవడం గురించి కిరణ్ గారు చెప్పింది మనసుకు పట్టింది. అయినా ఒంటరి పందేలు మాత్రం నాకింకా ఒప్పుదల కాలేదు. తారిణి మాట వేరు. ఏళ్ళ తరబడి శిక్షణ, వెనక ఒక నౌకాదళం, రేవు రేవుకు మరమ్మతు. అలా అయితే నా కూతుర్ని పంపుతానేమో. ఒంటరిగా, జీపీఎస్ కూడా లేకుండా అంటే, తండ్రిగా నా వల్ల కాదు.

---

సాగర్_గట్టు · జూన్ 15, ఆదివారం సాయంత్రం

రాఘవ గారి భయం నాకు అర్థమవుతుంది. మా అబ్బాయి పడవ మొదటిసారి బోల్తా పడినప్పుడు గట్టు మీద నా కాళ్ళు వణికాయి. లైఫ్ జాకెట్ ఉంది, కోచ్ పడవ పది గజాల్లో ఉంది, అయినా. వాడు తల పైకెత్తి, పడవ అడుగుపలక మీదికెక్కి, వెనక్కి వాలి లాగాడు. పడవ లేచింది. ఇంటికొచ్చే దారంతా వాగుతూనే ఉన్నాడు. నేను ఒక్క మాట కూడా మాట్లాడలేకపోయాను. వాడు ఏ సముద్రానికి వెళ్తాడో నాకు తెలీదు గానీ, ఆ రోజు నుంచి పరీక్షలంటే వాడికి టెన్షన్ తగ్గింది. అది నేను కళ్ళారా చూశాను.

---

పద్మజ_విశాఖ · జూన్ 16, సోమవారం రాత్రి

రోజూ రాత్రి భోజనాలయ్యాక మీ అందరి మాటలు పైకి చదువుతున్నాం. మా వారు కూడా ఫోన్ పక్కన పెట్టి వింటున్నారు. అమ్మాయికి ఇంకో రెండు ప్రశ్నలు. తూర్పుకే వెళ్తూ భూమి చుట్టి వస్తే ఒక రోజు ఎక్కువ వస్తుందా? అందరూ తూర్పుకే ఎందుకు వెళ్తారు?

---

చీఫ్‌మేట్_శ్రీను · జూన్ 17, మంగళవారం ఉదయం

మంచి ప్రశ్నలు. తూర్పుకు 15 డిగ్రీలు నడిచినప్పుడల్లా గడియారం ఒక గంట ముందుకు జరపాలి. భూమి మొత్తం చుట్టితే 24 గంటలు. అంటే ఇంట్లో ఉన్నవాళ్ళ కంటే వీళ్ళు ఒక సూర్యోదయం ఎక్కువ చూస్తారు. తేదీ తప్పకుండా పసిఫిక్‌లో తేదీ రేఖ దాటగానే అదే తేదీని మళ్ళీ ఒకసారి గడుపుతారు. ఆ రోజు ఎవరి పుట్టినరోజైనా అయితే రెండుసార్లు చేసుకోవచ్చని చెప్పండి.

దక్షిణాన 40 డిగ్రీలు దాటాక పడమటి గాలి ఏడాది పొడుగునా వీస్తుంది. అక్కడ భూమి పెద్దగా అడ్డం లేదు, టాస్మానియా, న్యూజిలాండ్, దక్షిణ అమెరికా కొస తప్ప. గాలికీ పెద్దగా అడ్డు లేదు, అలకూ అడ్డు లేదు. అలా పెరిగి పెరిగి వస్తాయి అలలు. ఆ గాలిని వీపున పెట్టుకుని వెళ్ళాలంటే తూర్పుకే వెళ్ళాలి. అదే దారిలో పాయింట్ నెమో ఉంది. ఏ దిక్కున చూసినా దగ్గరి నేల 2,688 కిలోమీటర్లు. అంతరిక్ష కేంద్రం నెత్తి మీదుగా వెళ్తే, అందరికంటే దగ్గరి మనుషులు అందులో ఉన్నవాళ్ళే, ఎందుకంటే అది 400 కిలోమీటర్ల ఎత్తులోనే తిరుగుతుంది. రూప, దిల్నా గార్లు ఈ జనవరిలో అక్కడి నుంచి వెళ్ళారు, నీటి నమూనాలు కూడా తీసుకొచ్చారు.

---

పద్మజ_విశాఖ · జులై 20, ఆదివారం రాత్రి

నెల దాటింది, ఇవాళ రాయాలనిపించింది. అమ్మాయి మొదటిసారి నీళ్ళ మీదికి వెళ్ళింది. ఎంటర్‌ప్రైజ్ అనే రకం పడవ, ఇద్దరు నడిపేది. హార్బరు లోపలి నీళ్ళలోనే. కావాలని పడవను బోల్తా కొట్టించి మళ్ళీ నిలబెట్టించారు. నేను గట్టు మీదే ఉన్నాను. సాగర్ గట్టు గారు రాసింది ముందే చదివి ఉండటం వల్ల అరవకుండా నిలబడగలిగాను, కానీ చేతిలో వాటర్ బాటిల్ ఎప్పుడు నలిపేశానో తెలీదు.

ఇంటికొచ్చి చేసిన మొదటి పని, బాల్కనీలో బట్టలారేసే తాడు విప్పి, నేర్చుకున్న ముడితో మళ్ళీ కట్టడం. తాడు మీద చిన్న ఉచ్చు వేసి, కొసను కింది నుంచి ఉచ్చులోకి తెచ్చి, పెద్ద తాడు వెనక నుంచి తిప్పి, మళ్ళీ అదే ఉచ్చులోంచి కిందికి దించడం. ఎంత బరువు వేలాడినా జారదు, విప్పాలంటే మాత్రం చిటికెలో వస్తుంది. బౌలిన్ అంటారట.

సరంగు మనవడు గారిని ఒకటి అడగమంది. మా అమ్మాయిది ఎడమచేతి వాటం. అది వేసిన ముడి పక్కపిల్ల వేసిన ముడి పక్కన పెడితే అద్దంలో చూసినట్టు తిరగబడి ఉందట. మీ తాతగారిది ఎడం చెయ్యి అని రాశారు కదా. మీ ముడి వేరేగా రావడానికి అదే కారణమేమో, ఎడం చేత్తో ఒకసారి వేసి చూడమంది.

---

సరంగు_మనవడు · జులై 20, ఆదివారం రాత్రి 11:50

ఇప్పుడే వేసి చూశాను. తాత తాడు ఒళ్ళో పెట్టుకుని, ఎడం చేత్తో. ఏడోసారికి వచ్చింది. రెండూ పక్కపక్కన పెట్టి ఫోటో తీశాను, రేపు పొద్దున మా అబ్బాయి చేత ఇక్కడ పెట్టిస్తాను. అమ్మాయికి చూపించండమ్మా.